నడవలోకి తివాచీ

"ఇది గీసుకుంటది సేటూ," అంది ద్వాలి, కొబ్బరి పీచు పట్టా మీద మోచెయ్యి రుద్ది చూసి.

ఎనభై ఆరులో ఇల్లందు బజారుకంతా తివాచీల కొట్టు రజాక్‌దొక్కటే. లంబాడీ ఆడవాళ్లు అక్కడికి రావడమే అరుదు. వచ్చినా గుమ్మం ముందుకు ఓ పట్టా కొనుక్కుపోతారు. ఈమె ఏకంగా ఇల్లు కొలిచిన తాడు తెచ్చి నేల మీద పరిచింది. బొగ్గుబాయి క్వార్టర్లో, వీధి తలుపు నుంచి వెనక అర్ర దాకా ఉండే ఇరుకు నడవ కొలత అది.

"కాళ్లు తుడుసుకునేతందుకు పీచే మంచిగుంటది చెల్లె."

"కాళ్లకు గాదు. గచ్చు మీద పాకుతడు. మోచేతులు, మోకాళ్లు అన్ని దోక్కపోతున్నయ్."

రజాక్ ముఖం విప్పారింది. "ముందే చెప్పవైతివి. పిల్లలున్న ఇంటికి వేరే మాలుంటది."

ఎర్రటి ఉన్ని తివాచీ దించి పరిచాడు. ద్వాలి అరచెయ్యి అదిమింది. వేళ్లు అందులో మునిగిపోయాయి.

"మెత్తగనే ఉంది. గని మునిగితే ముంగటికి జరగరాదు. ఇప్పటికే జరంత దూరం జరిగితే దమ్మొస్తది."

"ఎత్తుకోరాదు?"

"ఎత్తుకోనియ్యడు. మొండి. ఎవలన్న తలుపు కొడితే తనే రావాలె. నేను డ్యూటీకి పోతే పక్కింటి బాలి ఒక కన్నేసి ఉంచుతది."

"డ్యూటీ నీదా? మరి మీ ఆయన?"

"బాయిల చేస్తుండె. మీద బండ పడ్డది. ఆ కొలువు నాకిచ్చిన్రు."

బొగ్గు ఊళ్లో భర్త కొలువు భార్యకొచ్చిందంటే ఇంకేమీ అడగక్కర్లేదు. రజాక్ తల దించుకుని జంపఖానా పరిచాడు. ముడతలు పడతాయని ద్వాలి అదీ వద్దంది. చివరికి దగ్గర నేతతో ఉన్న గోధుమరంగు తివాచీ ఆమె చేతికి నచ్చింది. గీసుకోదు, మునగదు.

"కింద జారకుండ గోనె కుట్టిస్త," అన్నాడు రజాక్. "ఇంకెన్ని దినాలు పాకుతడు తీ. నడకొచ్చినంక గీ తివాచీ మీదనే ఉరుకుతడు."

ద్వాలి తాడు చుట్టుకుంది. "నడవడు సేటూ. దవాఖానల చెప్పిన్రు."

"దవాఖానోళ్లు దేవుళ్లా? నడుస్తడు. నువ్వు ధైర్యంగుండు."

ఆమె కొంగు ముడి విప్పి డబ్బు లెక్కపెట్టింది. ఆదివారం తానే తెచ్చి పరుస్తానని రజాక్ మాటిచ్చాడు.

ఇంటికి వెళ్లి భోజనం ముందు కూర్చున్నాడే గాని కంచం ముట్టలేదు. భార్య ఖుద్సియా అడిగితే అంతా చెప్పాడు. వాళ్లకు లేకలేక పుట్టిన కొడుకు నిలబడడం నేర్వకముందే జ్వరంతో పోయాడు. వాడు పట్టుకుని నడక నేర్చుకోవాలని కొన్న మూడు చక్రాల చెక్కబండి ఇన్నేళ్లుగా అటక మీదే ఉంది. ఖుద్సియా దాన్ని ఎవరినీ ముట్టుకోనివ్వదు. చుట్టాలు అడిగినా ఇవ్వలేదు. ఆరోజు తనే స్టూలెక్కి దించింది. కొంగుతో దుమ్ము తుడిచి, చక్రాలకు నూనె పెట్టింది.

"తీస్కపో," అంది. "మనోనికి రాసిపెట్టి లేకపాయె. ఆ తల్లన్న కండ్లార చూసుకోనియ్."

ఆదివారం రజాక్ తివాచీ చుట్టనూ బండినీ రిక్షాలో వేసుకుని కాలనీకి వెళ్లాడు. క్వార్టర్ తలుపు ఓరగా తీసి ఉంది. పక్కనే అంట్లు తోముతున్న బాలి తలెత్తింది.

"ద్వాలి రేషన్ దుకాణానికి పోయింది. లోపల ఉన్నడు, పిలువు, వస్తడు."

రజాక్ బండిని నడవలో పెట్టి, దాని పక్కనే గొంతుక్కూర్చున్నాడు. చక్రాన్ని వేలితో తిప్పాడు. అది టకటకలాడింది. తన కొడుకును పిలిచినట్టే పిలిచాడు.

"రా బేటా, జల్దీ రా. గిది పట్టుకుంటే నడకొస్తది. నీకోసమే తెచ్చిన."

వెనక అర్రలో గచ్చు మీద బట్ట రాసుకుంటున్న చప్పుడు. ఆగి ఆగి, అది దగ్గరికొచ్చింది.

పాకుతూ వచ్చినవాడికి మీసాలు నెరిశాయి.