గుంజనియ్యను

"పిల్ల కాలు గుంజనియ్యను. ఎవరు గుంజుతరో సూస్త!"

పాలకోసం ముంత పట్టుకొచ్చిన ఆడమనిషి మంచానికి అడ్డంగా నిలబడింది.

అలియాబాద్‌లో పాలు అమ్మే మొగులయ్య ఇల్లది. పొద్దున ఆయన మనవరాలు, నాలుగేళ్ల సుశీల, గడ్డిమోపు మీంచి దూకింది. రక్తం రాలేదు. కాలు వంకర పోలేదు. కానీ పాదం నేల మోపడం లేదు. మోకాలి కింద తాకితే కెవ్వుమంటోంది.

మొగులయ్య ఎముకలకు కట్లు కట్టే బుచ్చయ్యను పిలిపించాడు. చుట్టుపక్కల బస్తీలన్నిటికీ ఆయనే దిక్కు.

"బొక్క జరిగింది. గుంజి కూసోవెట్టాలె. గట్టిగ పట్టుకోండ్రి," అన్నాడు బుచ్చయ్య.

అప్పుడే ఆమె అడ్డం వచ్చింది.

"ఎవతివే నువ్వు? నడువు బైటికి!" గద్దించాడు మొగులయ్య.

"పోత. పిల్లను దవఖానకు తీస్కపోతమంటె పోత."

"దవఖాననా? కాలు కోస్తరాడ!"

"కొయ్యరు. ఫోటో తీసి లోపల బొక్క సూస్తరు. సూడకుంట గుంజరు."

ఆమె చీర అంచు కాస్త పైకెత్తింది. పిక్క దగ్గర వంకర తిరిగి, ఎండుకట్టెలా ఉంది కాలు.

"నేను సుత గీ పిల్లంత ఉన్నప్పుడే కిందవడ్డ. గిట్లనే పట్టుకున్నరు. గిట్లనే గుంజిండ్రు."

మొగులయ్య బుచ్చయ్య వైపు చూశాడు. ఆయన తలవంచుకుని నూనె సీసాకు మూత పెడుతున్నాడు.

"పెద్దమనిషి ఇజ్జత్ తీస్తవా?"

మొగులయ్య ఆమె రెక్క పట్టి బయటికి నెట్టాడు. ముంత పగిలింది. ఆమె లేచి, కుంటుకుంటూ మళ్లీ గడపలోకి వచ్చింది.

"నెట్టు. ఎన్నిసార్లు నెడితె అన్నిసార్లొస్త."

పిల్ల తల్లి వరమ్మ మంచం దగ్గరికి వచ్చింది. పెళ్లయిన నాటినుంచీ మామకు ఎదురు చెప్పింది లేదు. ఇప్పుడు పిల్లను ఎత్తుకుంది.

"మామా, టాంగా పిలుస్తవా, నడిసి పొమ్మంటవా?"

దవఖానలో డాక్టరు ఫోటోను వెలుతురుకు పట్టి చూశాడు.

"పూర్తిగా విరగలేదమ్మా. చిన్నపిల్లల ఎముక మెత్తన. దూకినప్పుడు నొక్కుకుపోయి ఒకపక్క ఉబ్బింది. కదలకుండా కట్టు వేస్తాం. దానంతటదే మానుతుంది."

"గుంజితె?"

"నొక్కుకున్నదాన్ని విరగ్గొట్టినట్టే."

వానలు పడేసరికి సుశీల దూడల వెంట పరుగెడుతోంది.

ముంత తెచ్చిన ఆమె ఆ రోజు తర్వాత మళ్లీ కనబడలేదు. వరమ్మ ఆమె కోసం బస్తీ అంతా తిరిగింది. కొన్నాళ్లు ఎవరింట్లోనో అంట్లు తోమేదన్నారు. ఎటు పోయిందో, పేరేమిటో ఎవరికీ తెలియదు.

ఒకనాడు బుచ్చయ్య వచ్చాడు. చేతిలో నూనె సీసా లేదు.

"పిల్ల మంచిగ నడుస్తున్నదా?"

మొగులయ్య మొహమాటపడ్డాడు. "ఆ దినం ఆ కుంటిది నీతోని లొల్లి వెట్టుకున్నది. మనసుల వెట్టుకోకు, బుచ్చన్నా."

"ఆమె ఏడుంటదో ఎరుకనా, బాపు?" వరమ్మ ముందుకొచ్చింది. "కాళ్లు మొక్కుదామని తిరుగుతున్న."

బుచ్చయ్య పరుగెడుతున్న సుశీల కాళ్లవైపు చూశాడు.

"నేను సుత దానికోసమే తిరుగుతున్న," అన్నాడు. "ఆ కాలు గుంజింది నేనే... అది నా బిడ్డ."