పెట్టని సంతకం

"సంతకం పెట్టుండ్రి మేడం. ఒక్క సంతకమే గదా."

విజేందర్ ఆ మాట అనడం అది మూడోసారి. డాక్టర్ స్వర్ణలత తలెత్తలేదు. బల్ల మీద అతని కంటి పరీక్ష కాగితాలు, వాటి పక్కన బెంగళూరు నుంచి వచ్చిన ఫిట్‌నెస్ ఫారం ఉన్నాయి. ఇంకో తొమ్మిది రోజుల్లో అక్కడ మిక్స్‌డ్ మార్షల్ ఆర్ట్స్ పోటీ. గెలిస్తే ఛాంపియన్ బెల్టు అతనిదే.

"కుడికన్ను వెనక పొర చినిగింది. ఇంకొక్క గుద్దు పడితే చూపు పోతది. ఎడమ కంట్ల గూడ పొర పల్చబడ్డది. ఆపరేషన్ చేయించుకోవాలె, కొట్లాట బంద్ చేయాలె," అంది ఆమె.

"అది బంద్ చేస్తె నేనేం మిగుల్త మేడం?"

నిజానికి అతనికి వేరే బతుకు తెలియదు. మోత్కూర్‌లో పదహారేళ్ళకే అతని పిడికిలికి పేరొచ్చింది. ఎవరికి ఎవరితో గొడవైనా ముందు అతనికే ఫోను. తల్లి బిక్షమ్మ కూలికి పోయిన రోజులకంటే పోలీస్ స్టేషన్ బయట కూర్చున్న రోజులే ఎక్కువేమో. చివరికి నల్లగొండలో జిమ్ నడిపే నర్సింహ అతన్ని చేరదీశాడు. "నీ చేతులల్ల బలముంది, తలకాయల మంటుంది. ఆ మంట గేటు బయట పెట్టి లోపలికి రా," అన్నాడు. గుద్దడం విజేందర్‌కు వచ్చు. కుస్తీ పట్లు నేర్చుకోవడానికి మూడేళ్ళు పట్టింది. అవతలివాడు ఓటమి ఒప్పుకుని చేత్తో తట్టగానే పట్టు వదిలేయడం నేర్చుకోవడానికి ఇంకా ఎక్కువ కాలం పట్టింది. ఇప్పటికి పద్నాలుగు పోటీలాడితే పదకొండు గెలిచాడు.

"బెల్టు కోసం కాదు మేడం," అన్నాడు విజేందర్, గొంతు తగ్గించి. "ఒక మాట చెప్త. మా అమ్మకు గూడ చెప్పలే."

ఆమె కలం పక్కన పెట్టింది.

"తిరుమలగిరి అంగట్ల ఒకనాడు లొల్లయింది. బండి అడ్డం పెట్టిండని ఒకన్ని కొడుతున్న. ఎవరో పెద్దాయన మధ్యల వచ్చి, వద్దు బిడ్డా, వద్దు బిడ్డా అని నా చెయ్యి పట్టుకున్నడు. నా చేతికి ఇనుప కడెం ఉండె. ఆయన మొకం మీదనే గుద్దిన. కంట్ల నుంచి నెత్తురు కారుతుంటే చూసి ఉరికిన. ఒక కన్ను అప్పుడే పోయిందట. ఏడాదికి రెండోది గూడ పోయిందని అంగట్ల అనుకుంటుంటె విన్న. ఆయనది ఏ ఊరో, పేరేందో తెల్వదు. నన్ను ఎవరూ పట్టుకోలే."

"ఏ ఏడు?" అని అడిగింది స్వర్ణలత.

"తెలంగాణ వచ్చిన ఏడు. బతుకమ్మ పండుగకు ముందు." విజేందర్ తల దించుకున్నాడు. "ఒక్కసారి బెల్టు ఎత్తి, అందరి ముందట ఆ సంగతి చెప్పుకోవాలనుంది. అప్పుడన్న మనిషినైన అనిపిస్తదేమో."

స్వర్ణలత ఫారాన్ని తన ముందుకు లాక్కుంది. కలం మూత తీసింది. సంతకం చేసే గీత మీద కలం పాళీ ఆనించి అలాగే ఉండిపోయింది. విజేందర్ ఆ కలం వంకే చూశాడు. చూస్తుండగానే ఆ గీత మీద సిరా చుక్క చిన్న గింజంత పెరిగింది.

ఆమె ఫారాన్ని నాలుగు ముక్కలుగా చింపింది.

విజేందర్ లేచిన ఊపుకు కుర్చీ వెనక్కి పడింది. "నా బతుకు మీద మీకేం పగ మేడం?"

"పగ ఉంటే సంతకం పెట్టేదాన్ని," అంది స్వర్ణలత. "రేపు పొద్దున పరగడుపున రాండ్రి. ఆపరేషన్ నేనే చేస్త."

అతను వేరే డాక్టర్ల చుట్టూ తిరిగేవాడే. నర్సింహ ఒప్పుకోలేదు. "ఆమె కాదన్నంక ఇంకెవరి కాగితం తెచ్చినా నీ వెంట నేను రాను," అన్నాడు. బిక్షమ్మ కొడుకు చెయ్యి పట్టుకుని దవాఖానకు తీసుకొచ్చింది. రెండు కళ్ళకు వారం తేడాతో ఆపరేషన్లు జరిగాయి. బెంగళూరు బెల్టు ఎవరో పంజాబ్ కుర్రాడు ఎత్తుకున్నాడు. ఆ వీడియో విజేందర్ చూడలేదు. చాలా రోజులు ఎవరితోనూ మాట్లాడలేదు.

తర్వాత నెమ్మదిగా మోత్కూర్‌లోనే ఒక రేకుల షెడ్డు కిరాయికి తీసుకుని నేర్పడం మొదలుపెట్టాడు. ఎవరొచ్చినా ముందు పట్టు వదలడం నేర్పేవాడు, ఆ తర్వాతే పట్టు పట్టడం.

ఆరు నెలలకు ఆఖరి పరీక్షకు వచ్చాడు. స్వర్ణలత లైటు వేసి రెండు కళ్ళూ చాలాసేపు చూసింది.

"చూపు నిలిచింది. ఇగ ఫికర్ లేదు."

విజేందర్ లేచాడు గాని గడప దాటలేదు.

"మేడం, ఇంకొక్కటి అడుగుత. మీరు కండ్ల డాక్టరు. చుట్టుముట్టు ఊర్లోళ్ళంత మీ తానికే వస్తరు. ఆ పెద్దాయన ఎక్కడున్నడో జర కనుక్కోరా? ఆయన కాళ్ళు మొక్కాలె. తిడితే తిట్లు తింట. పోలీసులకు పట్టిస్తె పోత. ఈ కండ్లతోని ఆయన మొకం చూడకపోతె నాకు నిద్ర పట్టదు."

స్వర్ణలత చేతులు కడుక్కోవడానికి అటు తిరిగింది. కడిగిన చేతులే మళ్ళీ కడిగింది. కాసేపటికి కుళాయి కట్టేసి నర్సు గ్రేస్‌ను పిలిచింది. ఇవాళ ఇంకెవరినీ చూడనని చెప్పి బ్యాగు భుజాన వేసుకుంది.

"రాండ్రి," అంది విజేందర్‌తో.

"యాడికి మేడం?"

"మా బాపు ఇంట్లనే ఉన్నడు."