నాన్న పాత్రలో మార్పు

సీరియల్లో తండ్రి వేషం వేసే నటుడు దర్శకుడితో గొడవపడి మానేశాడు. ఇలాంటివి సర్దడం రచయితకు వెన్నతో పెట్టిన విద్య. కొత్త సీనులో, కూతురికి దగ్గుమందు తేవడానికి తండ్రి బయటికి వెళతాడు, వేరే ముఖంతో తిరిగొస్తాడు. ఇంట్లో ఎవరూ గమనించరు.

చీకటి పడ్డాక, సీను సంగతి తెలిసి ఆ మానేసిన నటుడే రచయితకు ఫోన్ చేశాడు. "కట్టుకున్న భార్య కూడా గుర్తుపట్టదా సార్?"

"మొదటి రోజు కాస్త ఎబ్బెట్టుగా ఉంటుందయ్యా. తెల్లారితే అంతా అలవాటైపోతుంది."

పక్క గదిలో రచయిత కూతురు నిజంగానే దగ్గుతోంది. ఇందాక ఆ దగ్గు వింటూనే ఆయన ఆ సీను రాశాడు. ఇప్పుడు చెప్పులేసుకుని వీధి చివర మందుల షాపుకు వెళ్ళాడు.

సీసాతో తిరిగొచ్చేసరికి దగ్గు వినిపించడం లేదు. తలుపుకు లోపల గడియ పెట్టి ఉంది. తెరిచిన కిటికీలోంచి చూశాడు.

ఆయన ఇంట్లో వదిలివెళ్ళిన కళ్ళజోడు పెట్టుకుని ఎవరో మంచం అంచున కూర్చున్నాడు. కూతురికి చెంచాతో మందు పడుతున్నాడు.

"చేదుగా ఉంది నాన్నా," అంది కూతురు.

భార్య ఆ మనిషి ముఖంలోకి వింతగా చూసింది. రచయిత కిటికీ ఊచలకు ముఖం ఆనించాడు.

"ఏంటోనండీ, ఇవాళ మీరు ఎవరోలా కనిపిస్తున్నారు."

"తెల్లారితే అంతా అలవాటైపోతుందిలే," అన్నాడతను.

రచయిత తలుపు బాదడం మొదలుపెట్టాడు. లోపల లైటు ఆరిపోయింది.