పదకొండు సీసాల కేసు

పంకజవల్లి మొగుడు దినకరన్‌లో ఒకటే లోపం. ఎవరైనా "అన్నా" అని భుజం మీద చెయ్యి వేస్తే చాలు, వాళ్లు చెప్పింది నమ్మేస్తాడు.

పెళ్లై పదహారేళ్లయినా పెళ్లాం చెప్పింది మాత్రం ఒక్కటీ నమ్మలేదు.

ఆ వారం చెయ్యి వేసింది వార్డు కౌన్సిలర్.

"మన కుళాయి నీళ్లు చెడ్డవని కోర్టులో కేసుందన్నా. నీళ్లు పట్టుకుపోను ఒక ముసలాయన వస్తాడు. కేన్ నీళ్ల కంపెనీ మనిషి, వాళ్ల కేన్లు అమ్ముకోవాలని ఈ నాటకం. ఇంటికొక కేను పంపిస్తా, అందులోవి పోసియ్యండి. కేసు పోయిన మరునెలే కొత్త పైపు!"

పాత పైపు మురుగుకాలవలోంచి వస్తుంది. వారానికొకసారి వచ్చే నీళ్లు టీ రంగులో ఉంటాయి. కాచి తాగించినా కూతురు మధుమితకు ఒకసారి కామెర్లొచ్చాయి. కొత్త పైపు అనేసరికి పంకజవల్లి కూడా మెత్తబడింది.

ముసలాయన సీసాల సంచితో వచ్చాడు. పేరు కరుప్పుసామి అన్నాడు. తమిళంలోనే అడిగాడు.

"ఒక సీసా కుళాయి నీళ్లు ఇస్తారామ్మా? కుళాయివేనని సంతకం కూడా కావాలి."

తమిళనాడులో ఇంట్లో తెలుగు మాట్లాడుకునే ఆ వీధివాళ్లకు ఒక సౌకర్యం ఉంది. బయటివాళ్లతో మాట్లాడటానికి తమిళం, వాళ్ల ముందే వాళ్లను ఆడిపోసుకోవడానికి తెలుగు.

"వల్లీ, కేన్ నీళ్లు పోసియ్యి," లోపల్నుంచి దినకరన్ తెలుగులో అరిచాడు.

"ఎదురుగా నిలబడుండాడే!"

"నీళ్ల మీద పేరు రాసుంటుందా? ఆ మొగానికేం తెలుస్తుంది?"

"మొగం చూస్తే పాపంగా ఉండాది."

"కంపెనీవోళ్లు అట్లాంటి మొగాల్నే ఏరి పంపుతారు."

పంకజవల్లికి నవ్వొచ్చింది. నవ్వుతూనే వంటింట్లోంచి సీసా నింపి తెచ్చింది.

ఆయన దాన్ని వెలుగుకెత్తి చూశాడు.

"ఇవి కుళాయి నీళ్లేనా అమ్మా?"

"అవును ఐయా."

"ఇంకొకసారి పట్టిస్తారా? ఎంతసేపైనా కాచుకునుంటాను."

"ఎన్నిసార్లు పట్టినా అవే నీళ్లు." సంతకం పెట్టేసింది.

పదకొండు ఇళ్లలోనూ అదే జరిగింది.

మూడు నెలలకు కేసు కొట్టేశారు. నీళ్లు చెడ్డవనడానికి ఆధారం ఏదీ దాఖలు కాలేదట.

దినకరన్ పైపు సంగతి అడగడానికి వెళ్లాడు.

"కోర్టే కేసు కొట్టేసింది కదన్నా," అన్నాడు కౌన్సిలర్. "బాగున్న పైపును ఎవరైనా తవ్వుతారా?"

చెయ్యి మాత్రం భుజం మీదే ఉంది.

వానల్లో మధుమితకు మళ్లీ కామెర్లు. ఈసారి పన్నెండు రోజులు ఆసుపత్రి.

పంకజవల్లి తీర్పు కాపీ సంపాదించింది. కేసు వేసింది ఏ కంపెనీ కాదు, కరుప్పుసామే. మళ్లీ వేయమని కాళ్లు పట్టుకుందామని, అందులోని చిరునామా చూసుకుని పెరియకుళం బస్సెక్కింది.

ఆ ఇంట్లో ఆయన ఫోటోకు దండ వేసుంది. పక్కనే ఏడెనిమిదేళ్ల పాప ఫోటో. దానికీ దండే.

"ఆయన పోయి నెలైంది," అంది భార్య అంజలమ్మ, తమిళంలో. "ఆ పాప మా మనవరాలు. ఇట్లాంటి నీళ్లకే పోయింది."

పంకజవల్లి ఏ వీధి నుంచి వచ్చిందో చెప్పింది.

అంజలమ్మ మంచం కింది సంచి చూపింది. పదకొండు సీసాలూ మూత తీయకుండా ఉన్నాయి.

"కోర్టుకు ఇయ్యలేదా?"

"కుళాయి నీళ్లు కావని ఆయనకు అప్పుడే తెలుసు. కోర్టుకిస్తే అబద్ధపు సంతకం మీ మెడకు చుట్టుకుంటుందని ఇయ్యలేదు. 'అందరూ పిల్లల తల్లులు, ఎట్ల ఇరికించేది?' అన్నారు."

పంకజవల్లి ఆయన ఫోటోకు చేతులు జోడించింది.

"తప్పు చేసినాం ఐయా," అంది తమిళంలో.

"తెలుగులోనే చెప్పు తల్లీ," అంది అంజలమ్మ తెలుగులో, "ఆయన పుట్టినప్పటినుంచీ మా ఇంటి మాట అదే."