అత్తకి తెలియని చావు

ఫ్యాక్టరీలో బాయిలర్ పేలి సన్యాసి పోయిన వారానికే కంపెనీ వాళ్ళు ఇంటికొచ్చి, అతని తల్లి పైడమ్మ తలకి యంత్రం ఆనించి ఉచితంగా ‘మరుపు’ పెట్టేసి వెళ్ళారు. ఈ రోజుల్లో పోలియో చుక్కల్లా అందరూ వేయించుకునేదే. పైడమ్మ మనసులోంచి కొడుకు చావొక్కటే చెరిగింది, కొడుకు చెరగలేదు.

అప్పట్నుంచి కోడలు నూకరత్నానికి రోజూ తిట్లే.

“మొగుడు డ్యూటీకెల్తే బొట్టు తీసేసి కూకుంటావేటే? సిగ్గునేదా?”

నూకరత్నం అంట్లు తోముతోంటే, కంపెనీ అమ్మాయి అదే యంత్రంతో మళ్ళీ వచ్చింది.

“మీరూ పెట్టించేసుకోండి ఆంటీ. హాయిగా బొట్టు పెట్టుకోవచ్చు, ఇద్దరికీ గొడవుండదు.”

నూకరత్నానికి ఒళ్ళు మండిపోయింది.

“నానూ మర్సిపోతే కోర్టులో ఎవులు సెప్తారమ్మా? ఆవిరి కారతందని ఆడు రోజూ మొత్తుకున్నా మీరు ఇనలేదని, ఆ బాయిలరే ఆడ్ని సంపేసిందని?”

అనేశాక గానీ గుర్తు రాలేదు, అత్త గుమ్మంలోనే ఉందని.

“ఎవుల్ని సంపేసిందే?” అంది పైడమ్మ నెమ్మదిగా.

కంపెనీ అమ్మాయి గబగబా యంత్రం పైడమ్మ తలవైపు చాపింది. నూకరత్నం సబ్బు చేత్తోనే దాన్ని తోసేసి, అత్తని దగ్గరికి లాక్కుంది.

“కొడుకుని తీసుకున్నారు కదమ్మా. ఏడుపు కూడా లాక్కుంతారేటి?”