పసుపు చీటీ

"మూడు రోజులైంది, ఒక్క పసుపు చీటీ కూడా రాలేదు. పీడా విరగడైంది సిస్టర్!" అన్నాడు డ్యూటీ డాక్టర్.

నర్సు నవ్వాపుకుంది.

ఆ చీటీల పేరెత్తితేనే అతనికి ఒళ్ళు మండుతుంది. ఆసుపత్రిలో ముగిసిన ప్రతి కేసు ఫైలూ ఊరి అవతల ఉన్న కోడింగ్ ఆఫీసుకి వెళ్తుంది. అక్కడెవరో ఒకావిడ, డాక్టరు రాసింది చదివి రోగానికి కోడ్ నంబరు వేస్తుంది. రాతలో లోటు కనబడితే చాలు, ఫైలుకి పసుపు చీటీ గుచ్చి తిప్పి కొడుతుంది. 'ఏ మాత్ర? ఎన్నేళ్ళుగా? మానేసి ఎన్ని రోజులు?' కింద ఎప్పుడూ ఒకటే ముక్క: 'మీరు రాయనిది నాకు లేనట్టే.'

"మొహం ఎలా ఉంటుందో తెలీదు గానీ, అత్తగారిని మించి ఆరాలు తీస్తుంది!"

అప్పుడే ఇద్దరు మనుషులు ఒకామెను మోసుకొచ్చారు.

"బస్టాపులో పడిపోయింది సార్. సంచీ ఎవడో కొట్టేసినట్టున్నాడు. మేం వస్తాం మరి."

యాభై ఏళ్ళుంటాయి. చెమటతో తడిసి ముద్దయింది. పళ్ళు టకటకా కొట్టుకుంటున్నాయి.

"ఏమైందమ్మా?"

"నిద్రమాత్రలు... ఎనిమిదేళ్ళుగా. రోజుకి ఆరు. ఒక్కసారే మానేశాను. తప్పని తెలిసే మానేశాను. ఇవాళ మూడో రోజు."

డాక్టర్ మొహం చిట్లించాడు.

"అదీ సంగతి! ఇప్పుడు నేను మాత్రలు రాసివ్వాలి."

"ముందు నేను చెప్పింది రాయండి. ఫిట్స్ వస్తాయి."

"డాక్టరువి నువ్వా, నేనా? ఇలాంటి నాటకాలు రోజుకి పది చూస్తాను. వణుకు మాత్రం బాగా ప్రాక్టీసు చేశావు."

ఆమె గోడకేసి చూసింది.

"చీమలు... సిస్టర్, ఆ చీమలు నిజం కాదు కదూ?"

"కాదు తల్లీ," అంది నర్సు మెల్లగా.

"ఓహో, సినిమా కూడా వేస్తోందే!" అన్నాడు డాక్టర్.

ఆమె చటుక్కున అతని చేతిలో పెన్ను లాక్కుంది. కేస్ షీటు మూలన ఏదో గిలికింది.

"ఏయ్!" డాక్టర్ పెన్ను గుంజుకున్నాడు. "చేతులు కట్టెయ్యండి."

"డాక్టర్‌గారూ, నాడి నూట ముప్ఫై ఉంది. ఆమె చెప్పింది ఒక్క ముక్క రాస్తే..."

"నువ్వు కూడా చీటీలు పంపడం మొదలెట్టావా సిస్టర్?"

నర్సు కట్టు గుడ్డ అందుకుంది.

అతను రాశాడు: 'మాత్రల కోసం నాటకం. గమనించండి.'

సాయంత్రం ఆరింటికి సంతకం పెట్టి, ఆమెకి వినబడేలా అన్నాడు: "ఇక్కడ పప్పులుడకవని తెలిస్తే, పొద్దున్నే తనే లేచి పోతుంది."

మర్నాడు వచ్చేసరికి మంచం ఖాళీ.

"చెప్పానా? పోయింది."

"పోయింది. ప్రాణం పోయింది," అన్నాడు రాత్రి డ్యూటీ చేసిన డాక్టర్. కళ్ళు చింతనిప్పుల్లా ఉన్నాయి.

"ఎలా?"

"ఫిట్స్. ఒకదాని వెనక ఒకటి. మామూలు డోసు ఇస్తే ఆమెకి ఏ మూలకీ చాలలేదు. ఎందుకు చాలలేదో ఇందాక సిస్టర్ వచ్చి చెప్పేదాకా నాకు తెలీదు! తలకి దెబ్బా, విషమా అని వెతుక్కుంటూ కూర్చున్నాను."

"నేను కేస్ షీటులో..."

"ఏం రాశావు? నాటకం! మూలన ఏవో అంకెలు. అవి నాకేం అర్థమవుతాయి? మాత్రలు మానేసిందని ఒక్క లైను రాసుంటే బతికేది కదయ్యా!"

రెండు రోజుల తర్వాత ఫోన్ మోగింది.

"సార్, కోడింగ్ ఆఫీసు నుంచి. మా మేడమ్ ఆరు రోజుల నుంచి రావట్లేదు, ఫోనూ ఎత్తట్లేదు. ఆవిడ ఫైళ్ళు నేను చూస్తున్నాను. మీరు నాటకం అని రాశారు. దానికి మా పుస్తకంలో కోడ్ లేదండీ."

"అయితే చీటీ పంపుకోండి!"

"అక్కర్లేదు సార్. కాగితం మూలన సరైన కోడే ఉంది. ఎఫ్ పదమూడు పాయింట్ రెండు మూడు ఒకటి. నిద్రమాత్రలకి బానిసై, మానేసినప్పుడు వచ్చే మతిభ్రమ."

డాక్టర్ ఫోను రెండో చెవికి మార్చుకున్నాడు.

"ఒక్కటే అంతుపట్టట్లేదు సార్. రాత వణికింది గానీ, మూడు అంకె నెత్తిన అలా అడ్డగీత కొట్టేది మా మేడమ్ ఒక్కరే... ఫైలు మా ఆఫీసుకి రాకముందే, ఆవిడ చేతికి ఎలా వచ్చింది?"