ఒరిగిన దీవి

మబ్బులకు పైన తేలే దీవుల్లో ఒకదాని అంచున ఒక జంగుపిల్లి మూడు కూనలతో కాపురం ఉండేది. ఒకనాడు ఆ అంచు కిందికి ఒరిగింది. పొదలో ఉన్న కూనలు జారసాగాయి.

"అందరూ అటు చివరికి పొండి! బరువు సరితూగుతుంది!" అని పిల్లి అరిచింది.

పోకపోగా, ఎంత ఒరిగిందో చూద్దామని జంతువులన్నీ ఒరిగిన అంచుకే పరుగెత్తుకొచ్చాయి. దీవి ఇంకా వంగింది.

"ఇది ఒరుగుతుందని నిన్ననే అన్నానా పిన్నీ?" అంది కుందేలు.

"అన్నావులే తల్లీ, ముందు అవతలికి నడు!"

"కాస్త ఆగవమ్మా, మావాళ్లింకా చూడలేదు," అన్నాడు ముళ్లపంది మామ.

ఒక కూన వెనక కాళ్లు గాల్లో వేలాడాయి. పిల్లికి ఇక చెప్పే ఓపిక పోయింది. "పొద వేళ్లు గట్టిగా పట్టుకోండర్రా," అని కూనలతో చెప్పి, ఎగువ అంచుకు దూకి కేక పెట్టింది.

"అమ్మో! ఇదేం వింత!"

"ఏదీ? ఏదీ?" అంటూ అందరూ ఎగబడి అటు పరుగెత్తారు. దీవి చదునుకొచ్చింది. కూనలు పైకి పాకాయి. అంతలోనే దీవి రెండో వైపుకు వంగసాగింది.

"ఇక్కడేం లేదే?" అని మామ మొహం చిట్లించాడు.

"ఇప్పుడే వెళ్లిపోయింది."

"ఎటు?"

పిల్లి నిట్టూర్చి, దీవి నడిమధ్యకు చూపించింది.